నందిపేట్ దారిలో రెండు సముద్రాలు

నిజామాబాద్ నుంచి మాక్లూర్ మీదుగా నందిపేట్ వెళ్లే ఆర్టీసీ బస్సులో కిటికీ పక్కన కూర్చుంటే ఫిబ్రవరిలో కనిపించేవి తవ్వుతున్న పసుపు చేలు, మక్క చేలు, నడుమ నడుమ ఎర్రజొన్న. పసుపు ఉడికే వాసన బస్సులోకి కూడా వస్తుంది. సముద్రం జాడ మాత్రం ఎటు చూసినా లేదు. తూర్పున కాకినాడకైనా, పడమట ముంబైకైనా ఇక్కణ్ణుంచి రాత్రంతా ప్రయాణమే. అయినా నందిపేట్‌లో దిగి బస్టాండు చుట్టూ ఓసారి కళ్లు తిప్పండి. ఎయిర్ టికెట్లు, పాస్‌పోర్టు దరఖాస్తులు, మెడికల్, స్టాంపింగ్, మనీ ట్రాన్స్‌ఫర్. ఎరువుల దుకాణాలకూ బంగారు దుకాణాలకూ మధ్య ఈ బోర్డులే. దోహా, మస్కట్, దమ్మామ్, షార్జా అన్న పేర్లు ఇక్కడివాళ్ల నోట ఆర్మూర్, నిర్మల్ అన్నంత తేలిగ్గా వస్తాయి. ఏ దేశం పోయినా ఊళ్లో చెప్పుకునేది మాత్రం దుబాయి పోయాడనే.

నిజానికి నేను బయల్దేరింది బోధన్ కోసం. మూతబడ్డ నిజాం షుగర్స్‌ను చూడాలని. చెరకు, చక్కెర అనగానే సముద్రాలు దాటిన తెలుగువాళ్లు గుర్తుకు రాక తప్పదు. మారిషస్, దక్షిణాఫ్రికాలోని నటాల్, ఫిజీ అన్నిచోట్లా మనవాళ్లను తీసుకుపోయింది చెరకే. మరి అదే చెరకును ఇంటి ముందే పండించిన ఈ జిల్లా జనం ఎందుకు సముద్రం దాటారు? బోధన్ దారి పట్టకముందే నందిపేట్‌లో ఆగింది ఈ ప్రశ్న వల్లే. ఇటు చెరకు నేల, అటు దుబాయి ఊళ్లు, పక్కన గోదావరి. మూడూ ఒక్క రోజు తిరుగుడులో కలుస్తాయి.

బస్టాండు ఎదురుగా చాయ్ దుకాణంలో ఒక పెద్దమనిషి పక్కన చోటు దొరికింది. తెల్ల ధోవతి, భుజాన కండువా, చేతికి పాత సీకో గడియారం. ఆ గడియారం చూసే అడిగాను.

"కాకా, మీరు దుబాయి పోయిండ్రా?"

"పోక? ఎనభైరెండుల పోయిన. మస్కట్. గప్పుడు ఈడ ఏజెంట్లు యాడున్నరు సారూ? బొంబాయి పోవాలె. మన్మాడ్ మీదికెల్లి పొయ్యే బండెక్కి, ఆడ ముసాఫిర్ ఖానల పండుకోవాలె. వారమో, నెలనో, ఎప్పుడు పిలుస్తరో తెల్వదు. తెచ్చిన పైసలు ఆడనే అయిపోతుండె."

అప్పు ఎంత మిత్తికి తెచ్చారని అడిగితే మూడు రూపాయలన్నాడు. అంటే నెలకు నూటికి మూడు. ఎకరం పొలం కుదువ పెట్టాడు. ఆ పొలం విడిపించుకోవడానికే మొదటి కరారు కాలమంతా పోయింది. అసలు సంపాదన రెండోసారి పోయినప్పటి నుంచి మొదలైంది.

"చిట్టీ రాసుడు నాకు రాదు. క్యాసెట్ల మాట్లాడి, ఊరికి వచ్చేటోళ్ల చేతికిచ్చి పంపుతుంటి. ఇంట్ల టేప్‌రికార్డు చుట్టూ అందరు కూసోని ఇనేటోళ్లు. మా అవ్వ సచ్చిపోయిన ముచ్చట గూడ నాకు క్యాసెట్లనే తెలిసె. రెండు నెలలకు."

ఆ క్యాసెట్లేమైనా ఉన్నాయా అన్నాను.

"యాడియి? పోరగాండ్లు రీలంతా గుంజి జొన్నచేన్ల పిట్టల బెదిరియ్య కట్టిండ్రు."

నవ్వుతూనే చెప్పాడు. నాకు మాత్రం నవ్వు రాలేదు. ఎనభైల నాటి ఓ మస్కట్ కూలీ గొంతు, తల్లి చావు వార్త మోసుకొచ్చిన టేపు, ఎర్రజొన్న చేనులో గాలికి గీపెట్టి పోయింది.

కాకాకు తెలియని సంగతి ఒకటి ఆయనకు చెప్పాను. ఆయన పోవడానికి పాతికేళ్ల ముందు మస్కట్‌లోనూ, కువైట్, బహ్రెయిన్, ఖతార్, దుబాయిలోనూ చెల్లింది మన రూపాయే. బంగారం దొంగరవాణాకు మన నోట్లు అటు తరలిపోతున్నాయని 1959లో భారత ప్రభుత్వం ఆ దేశాల కోసమే వేరే రంగులో గల్ఫ్ రూపాయి అచ్చువేసింది. 1961లో కువైట్ సొంత దినార్ పెట్టుకుంది, 1965లో బహ్రెయిన్. 1966 జూన్‌లో మనం రూపాయి విలువ తగ్గించగానే మిగతా దేశాలూ ఒక్కొక్కటే తప్పుకున్నాయి. ఆ తర్వాత ఏడేళ్లకు, 1973లో చమురు ధర ఎగిసింది. ఎడారిలో రోడ్లు, రేవులు, మేడలు లేచాయి. వాటికి కూలీలు కావాల్సి వచ్చారు. కాకా విని కాసేపు ఊరుకున్నాడు. "అంటె మన పైసలు ఆడ నడిశినయన్నట్టు. గిప్పుడు ఆళ్ల పైసలు నందిపేట్‌ల నడుస్తున్నయి" అని లేచి గ్లాసు పెట్టేశాడు.

నందిపేట్ నుంచి ఉమ్మెడ వైపు ఆటోలో పోతే గోదావరి వస్తుంది. ఇక్కడ దాన్ని నది అనాలా చెరువు అనాలా అన్న సందేహం కలుగుతుంది. 1963లో నెహ్రూ శంకుస్థాపన చేసిన పోచంపాడు ప్రాజెక్టు, ఇప్పటి శ్రీరాంసాగర్, నీళ్లను ఇంతదాకా వెనక్కి తోసింది. పాత ఊళ్లు ఎన్నో ఆ నీళ్ల కింద ఉన్నాయి. ముంపు ఊళ్ల జనం ఒడ్డుకు జరిగి పాత పేర్లతోనే కొత్త ఊళ్లు కట్టుకున్నారు. నది దాటకుండానే, తమ ప్రమేయం లేకుండానే వలసపోయినవాళ్లు వీళ్లు. వంతెన మీద నిలబడితే అవతల నిర్మల్ జిల్లా. నీళ్లు వెనక్కి తగ్గినచోట గొర్రెల మందలు, ఒండ్రు మీద పచ్చిక, ఒడ్డు పొడుగునా రెల్లు.

ఇదే నీరు కందకుర్తి దగ్గర మంజీరను కలుపుకొని ఇక్కడికి వచ్చి, ఇక్కణ్ణుంచి భద్రాచలం, రాజమండ్రి దాటి, ధవళేశ్వరం దిగువన పాయలుగా చీలుతుంది. అందులో గౌతమి పాయ సముద్రంలో కలిసేచోట యానాం, కోరంగి. కోరంగి ఇవాళ మడ అడవులకు పేరుపడ్డ పల్లె. రెండు వందల ఏళ్ల కిందట అది ఓడలు కట్టే రేవు. మారిషస్‌కు తెలుగువాళ్లు మొదట పోయిన రేవుల్లో అదొకటి. ఎంతగా అంటే, అక్కడ తెలుగువాళ్లకు కోరంగివాళ్లనే పేరు పడిపోయింది. బర్మాలోనూ అదే పేరు. 1839 నవంబరు తుపాను ఆ రేవును దెబ్బతీసింది. ఆ తర్వాత మద్రాసే ముఖ్యమైన రేవు.

ఎందుకు పోయారన్నది మన బడి పుస్తకాల్లో నాలుగు ముక్కల్లో తేలిపోతుంది. బ్రిటిష్ సామ్రాజ్యంలో బానిసత్వం రద్దయింది. మారిషస్‌లో 1835 ఫిబ్రవరి 1న అది అమలైంది. తోటల యజమానులు అంతకుముందే మేల్కొన్నారు. 1834 నవంబరు 2న అట్లాస్ అనే ఓడ కలకత్తా నుంచి 36 మందిని పోర్ట్ లూయీలో దించింది. ఐదేళ్ల ఒప్పందం. దానికి జనం పెట్టుకున్న పేరు గిర్మిట్. 1920 దాకా ఆ ఒక్క దీవికే నాలుగున్నర లక్షల మందికి పైగా వెళ్లారు. నటాల్‌కు 1860 నవంబరు 16న మద్రాసు నుంచి ట్రూరో ఓడ చేరింది. 1911లో ఆపేదాకా అక్కడికి వెళ్లినవాళ్లు 1,52,184 మంది. ఫిజీకి 1879 నుంచి అరవై వేల పైచిలుకు. మద్రాసు రేవు నుంచి ఫిజీకి ఓడలు మొదలైంది మాత్రం 1903లో. వీళ్లలో తెలుగువాళ్లు ఎక్కువగా విశాఖ, గంజాం, గోదావరి, ఉత్తర ఆర్కాటు ప్రాంతాల వాళ్లు. నందిపేట్ అప్పుడు నిజాం రాజ్యం. కూలీలను పట్టే ఏజెంట్ల లైసెన్సులు నడిచింది ఇంగ్లీషువాళ్ల జిల్లాల్లో. అదే నది కింది గట్టు మనుషులు చెరకు దీవులకు పోతే, పై గట్టు మనుషులు బొంబాయి మిల్లులకు, భివండి మగ్గాలకు పోయారు.

ఒడ్డున ఉన్న రెల్లును చూపించి ఆటో డ్రైవరును, ఇది చెరకుకు దాయాది తెలుసా అని అడిగాను. నమ్మలేదు. మనం నమిలే లావు చెరకు పుట్టింది న్యూగినీలో. వేల ఏళ్ల కింద దీవులు దాటుకుంటూ మనదాకా వచ్చింది. రసం కాచి బెల్లం, పంచదార చేయడం మనవాళ్లు నేర్చారు. ఆ విద్య అరబ్బుల ద్వారా పడమటికి, అక్కణ్ణుంచి అట్లాంటిక్ దీవులకు పోయింది. 1912లో కోయంబత్తూరులో చెరకు పరిశోధన కేంద్రం పెట్టారు. అక్కడ బార్బర్, వెంకట్రామన్ అనే శాస్త్రవేత్తలు లావు చెరకును ఇదిగో ఈ రెల్లుతో సంకరం చేసి 1918లో కో 205 అనే రకం తీశారు. రెల్లు మొండితనం, చెరకు తీపి కలిశాయి. తర్వాత జావా దీవి రకాన్ని కూడా కలిపి తీసిన కో 419 దక్షిణాదిని దశాబ్దాల పాటు ఏలింది. నటాల్‌లో చెరకు సరిగా పూత పట్టదు కనుక కోయంబత్తూరు నుంచి విత్తనం ఓడలో పంపారు. అక్కడ మొలకెత్తించి ఎంపిక చేసిన ఎన్‌కో 310 రకం 1945లో విడుదలై, తైవాన్ నుంచి అమెరికా దాకా పొలాల్లోకి పోయింది. మనిషి వెళ్లిన దారినే విత్తనమూ వెళ్లింది. తేడా ఏమిటంటే విత్తనానికి ఎవరూ పాస్‌పోర్టు అడగలేదు.

వంతెన దగ్గర్లోని ఒక పల్లెలో బీడీలు చుట్టే ఇంటికి తీసుకెళ్లాడు డ్రైవరు. వాళ్ల బంధువులే. నిజామాబాద్ జిల్లా లెక్క ఇది. మగవాడు దుబాయిలో, ఆడమనిషి బీడీల మీద. పసుపు మీద వచ్చేది ఏడాదికోసారి, దుబాయి పైసలు వస్తే నెలకోసారి, బీడీ పైసలు మాత్రం కార్ఖానాకు మాల్ అప్పజెప్పిన లెక్కన వస్తూనే ఉంటాయి. ఆ ఇంటామె గడప పక్కన గోడకు ఆనుకొని కూర్చుంది. ఒళ్లో చాట, చాటలో ఒక మూల తంబాకు, ఇంకో మూల కత్తిరించిన తునికాకు. ఆకు తడిపి మెత్తబడ్డాక కత్తెరతో ఒక కొలతకు కత్తిరిస్తారు. ఆమె ఆకు అరచేతిలో పరిచి, చిటికెడు తంబాకు పోసి, రెండు బొటనవేళ్లతో ఒక్క తోపు తోసి చుట్టేసింది. నోరు మడిచి, కింద దారం రెండు చుట్లు తిప్పి తెంపింది. ఇంతా మాటలాపకుండా, చేతుల వైపు చూడకుండా. కూలి వెయ్యికింత అని. వెయ్యి చుట్టాలంటే పొద్దున కూర్చున్న మనిషి దీపం పెట్టేదాకా లేవకూడదు.

భర్త సౌదీలో. కంపెనీ వీసా మీదే పోయాడు. నెలల తరబడి జీతం ఇవ్వకపోతే బయటికి వచ్చి ఇంకోచోట పనికి కుదిరాడు. కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, హురూబ్ పెట్టాడు. అంటే, పారిపోయాడని ప్రభుత్వానికి రాసిచ్చాడు. ఆ మాట పడ్డాక అక్కడ ఉండనిచ్చే కార్డు, ఇఖామా, చెల్లదు. దవాఖానకు పోవాలన్నా భయమే, ఊరికి రావాలన్నా జైలు, అవుట్‌పాస్, ఎదురుచూపులు. గల్ఫ్ భాషలో ఇక అతడు ఖల్లివెల్లి, అంటే కాగితాల్లేని మనిషి. "పైసల్ పంపుతడన్నా. కానీ రాలేడు. పిల్ల పెండ్లి ఫోన్లనే సూసిండు" అంది. చేతులు ఆగలేదు.

ఆ మాట వింటుంటే నాకు గుర్తొచ్చింది మారిషస్. అక్కడ కూలీ ఒక్క రోజు పనికి రాకపోతే రెండు రోజుల కూలి కోసేవారు. ఐదేళ్లు ముగిసి బయటపడ్డ మనిషి కూడా, 1867 చట్టం ప్రకారం తన ఫొటో అంటించిన పాస్ జేబులో పెట్టుకు తిరగాలి. అది లేకుండా దొరికితే దిమ్మరి అని జైలు. ఆ అన్యాయం మీద 1871లో 9,401 మంది పాత కూలీలు సంతకాలు, వేలిగుర్తులు పెట్టి అర్జీ ఇచ్చారు. దాన్ని రాయించింది అడాల్ఫ్ ద ప్లెవిట్జ్ అనే తోట యజమాని. విచారణకు లండన్ నుంచి రాయల్ కమిషన్ దిగింది. నటాల్‌లో నెలకు పది షిల్లింగుల కూలి, ఏడాదికో షిల్లింగు పెంపు. ఒప్పందం తీరాక అక్కడే ఉండిపోతే 1895 నుంచి ఏటా మూడు పౌన్ల పన్ను. గాంధీ 1913లో గని కూలీలను, తోట కూలీలను సమ్మెకు నడిపింది ఆ పన్ను మీదే. ఏజెంటు, అప్పు, ఒప్పందం, యజమాని చేతిలో కాగితాలు, పారిపోతే నేరం. నూట యాభై ఏళ్ల ఎడంతో రెండు కథల్లోనూ అవే పాత్రలు.

అయితే ఒక తేడా ఉంది. దాన్ని చిన్నదిగా చూడకూడదు. మారిషస్ పోయినవాడికి, ఎంత కష్టపెట్టినా, అక్కడే ఉండిపోయే హక్కు దొరికింది. భార్య వచ్చింది, పిల్లలు పుట్టారు, చెరకు తోట పక్కనే రాముడి గుడి లేచింది. ఇవాళ ఆ దేశంలో ఉగాది ప్రభుత్వ సెలవు. సింహాద్రి అప్పన్న పూజ, అమ్మోరు పండుగ, రామభజన ఇంకా నడుస్తున్నాయి. మోకాలోని మహాత్మాగాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో తెలుగు చెబుతారు. 1990లో మూడో ప్రపంచ తెలుగు మహాసభలు జరిగింది అక్కడే. దక్షిణాఫ్రికాలో 1931లో ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు. దుబాయి, దోహాలలోనూ మనవాళ్లు ఏళ్ల తరబడి పనిచేశారు. అక్కడ కూడా ఏటా బతుకమ్మ ఆడుతున్నారు. కానీ వీసా తీరగానే పెట్టె సర్దుకోవాల్సిందే. ముప్పై ఏళ్లు మేస్త్రీ పని చేసినా ఆ నేల నీది కాదు. చెరకు సముద్రం మన మనుషులను అక్కడ నాటుకుంది. చమురు సముద్రం మన మనుషులను వాడుకుని తిప్పి పంపుతోంది. అందుకే ఆ వలస గుర్తులు వెతకాలంటే అరేబియా పోనక్కర్లేదు. నందిపేట్ వీధుల్లో కనిపిస్తాయి. రెండంతస్తుల ఇల్లు, ఆడపిల్ల కట్నం, బోరు, అప్పు తీరిన కాగితం, తీరని కాగితం.

తిరుగు దారిలో నిజామాబాద్ ఊళ్లో ఎక్కువసేపు ఆగలేదు. సముద్రం దాటి ఇటు వచ్చినవాళ్లూ ఉన్నారని మాత్రం చెప్పుకోవాలి. నిజాం సైన్యంలో కొలువుకు యెమెన్‌లోని హద్రమౌత్ నుంచి వచ్చిన అరబ్బులు హైదరాబాద్ బార్కస్‌లో స్థిరపడిపోయారు. వాళ్లను ఎవరూ వెళ్లిపొమ్మనలేదు. ఇసాబెల్ కెర్ అనే స్కాట్లాండ్ డాక్టరమ్మ 1907లో హైదరాబాద్ రాజ్యానికి వచ్చి, భర్తతో కలిసి డిచ్‌పల్లిలో కుష్టు రోగుల ఆసుపత్రి కట్టింది.   ఇదంతా ఇంకో వ్యాసం పని.

బోధన్ రోడ్డు ఎడపల్లి దాటాక శక్కర్‌నగర్ వస్తుంది. దారి పొడుగునా వరి నాట్లే. ఒకప్పుడు ఇదంతా చెరకు. మంజీర మీద 1923లో మొదలై 1931లో పూర్తయిన నిజాంసాగర్ ఈ నేలకు నీళ్లు తెచ్చింది. దాన్ని కట్టించిన ఇంజనీరు నవాబ్ అలీ నవాజ్ జంగ్. 2,75,000 ఎకరాల ఆయకట్టు. సాగు చేసే చేతులు చాలక కోస్తా రైతులను పిలిచారు. గుంటూరు, కృష్ణా, గోదావరి జిల్లాల నుంచి బండ్లు కట్టుకొచ్చి వర్ని, కోటగిరి, రుద్రూర్ చుట్టుపక్కల వాళ్లు కట్టుకున్న ఊళ్లను నేటికీ క్యాంపులనే అంటారు. కింది గోదావరి మనిషి మారిషస్‌కు పోవడం ఆగిపోయిన కాలానికి పై గోదావరికి రావడం మొదలైందన్నమాట. ఈసారి కూలీగా రాలేదు, రైతుగా వచ్చాడు.

శక్కర్‌నగర్‌లో చక్కెర ఫ్యాక్టరీ 1937లో పెట్టారు. అప్పటి లోకం ఏమిటో తెలిస్తే దాని విలువ తెలుస్తుంది. అంతకుముందు ఈ దేశం తినే తెల్ల చక్కెరలో చాలా భాగం జావా నుంచి ఓడల్లో వచ్చేది. పంతొమ్మిదో శతాబ్దం చివర్లో మారిషస్ చక్కెరకు కూడా ఇండియా పెద్ద బజారు. బిహారీ, తమిళ, తెలుగు కూలీలు అక్కడ కొట్టిన చెరకే చక్కెరై బొంబాయిలో దిగి, వాళ్ల అన్నదమ్ముల చాయ్‌లో కరిగింది. 1932లో విదేశీ చక్కెర మీద రక్షణ సుంకం వేశాకే దేశంలో మిల్లులు వరసగా లేచాయి. నిజాం రాజ్యం వెనకబడలేదు. ఆసియాలోనే పెద్ద చక్కెర ఫ్యాక్టరీ అని ఒకప్పుడు శక్కర్‌నగర్‌కు పేరు. చెరకు కోసం మనిషి సముద్రం దాటే పని లేకుండా, మనిషి దగ్గరికే చెరకునూ మిల్లునూ నౌకరీనీ తెచ్చిన ప్రయత్నమది. నా దృష్టిలో నిజాం కాలపు పనుల్లో అంతకన్నా తెలివైనది లేదు.

గేటుకు తాళం. అవతల చిమ్నీలు నిలబడే ఉన్నాయి. పొదలు షెడ్ల నడుమదాకా వచ్చాయి. బయట మర్రినీడలో కూర్చున్న ఒక రిటైరైన మెషీన్ కార్మికుడు, పేరు రాయొద్దని ముందే మాట తీసుకుని, చెప్పడం మొదలుపెట్టాడు. "సీజన్ల బండ్లు ఊరి బయటదాంక లైను కట్టేటియి సార్. బాయిలర్ కూత ఇని పల్లెలల్ల గడియారం సూసుకునేటోళ్లు. రాత్రిపూట గాలి మళ్లితె బెల్లం వాసన. గా వాసన గిప్పుడు లేదు గద, శక్కర్‌నగర్‌ల నిద్ర పట్టది." 2002లో ప్రభుత్వం 51 శాతం వాటాను ప్రైవేటుకు అమ్మింది. బోధన్‌తో పాటు మెట్‌పల్లి, ముంబోజీపల్లి యూనిట్లూ అందులోకి పోయాయి. 2015 డిసెంబరు 23న మూడింటికీ లేఆఫ్ ప్రకటించారు. ఆ తర్వాత ప్రతి ఎన్నికకూ తెరిపిస్తామన్న మాట వస్తూనే ఉంది. తెరవలేదు. "మీ పిల్లలు ఏం చేస్తుండ్రు?" అన్నాను. "పెద్దోడు హైదరాబాద్. సిన్నోడు బహ్రెయిన్."

బహ్రెయిన్ అన్నది నేను ఊహించిన జవాబే. కానీ ఫ్యాక్టరీ మూతబడ్డందుకే జిల్లా గల్ఫ్ పోయిందని రాస్తే అబద్ధమవుతుంది. కాకా మస్కట్ పోయిన 1982లో మిల్లు నిండుగా నడుస్తోంది. బోధన్ కాలువ కింది నేల వేరు, నందిపేట్ మెట్ట వేరు. చక్కెర బతికినన్నాళ్లూ నీళ్లున్న ఊళ్లను కాపాడింది. నీళ్లులేని ఊళ్లు అప్పటికే దుబాయి బండెక్కాయి. మిల్లు పోయాక నీళ్లున్న ఊళ్లూ వాటి వెనకే కదిలాయి.

శక్కర్‌నగర్ గేటు దగ్గర నాకు మళ్లీ గుర్తొచ్చింది జొన్నచేనులో గాలికి పోయిన క్యాసెట్. పోర్ట్ లూయీ రేవులో కూలీలు దిగిన మెట్లు ఆప్రవాసీ ఘాట్ పేరుతో 2006 నుంచి యునెస్కో వారసత్వ స్థలం. మోకాలో ఆ కూలీల రిజిస్టర్లున్నాయి. ఓడ పేరు, వచ్చిన తేదీ, తండ్రి పేరు, ఊరు, కులం, ఎత్తు, ఒంటి మీద మచ్చ. 1860ల నుంచి ఫొటోలు కూడా. ఆ కాగితాలు ప్రేమతో రాసినవి కావు, మనుషులను పట్టుకోవడానికి రాసినవి. అయినా వాటి పుణ్యమా అని ఇవాళ ఒక మారిషస్ తెలుగు అమ్మాయి తన ముత్తాత తాత ఏ ఊరి నుంచి, ఏ ఓడలో వచ్చాడో వెతికి తీయగలదు. నందిపేట్ మనవరాలు తన తాత మస్కట్‌లో ఏ రోడ్డు వేశాడో తెలుసుకోవాలంటే ఎక్కడికి పోవాలి? విజిట్ వీసా మీద పోయి కూలిలో కలిసిపోయినవాళ్లు ఏ లెక్కలోనూ లేరు. గల్ఫ్‌లో చనిపోయిన వాళ్ల కుటుంబాలకు 2024 నుంచి తెలంగాణ ప్రభుత్వం ఐదు లక్షల రూపాయలు ఇస్తోంది. మంచిదే. అంటే గల్ఫ్ కూలీ పేరు ప్రభుత్వ కాగితం మీదికి ఎక్కాలంటే ఇప్పటికీ పెట్టెలో తిరిగి రావాల్సిందే అన్నమాట. బతికి తిరిగొచ్చినవాడి పేరు ఎక్కడ రాస్తున్నాం?

డిచ్‌పల్లిలో 2006 నుంచి తెలంగాణ విశ్వవిద్యాలయం ఉంది. నిజామాబాద్‌లో జిల్లా గ్రంథాలయం ఉంది. ఒక గది, రెండు బీరువాలు, నలుగురు విద్యార్థులు చాలు ఈ పని మొదలుపెట్టడానికి. వాళ్లు వచ్చేదాకా ఆగకండి. నందిపేట్‌లోనో, ఆర్మూర్, బాల్కొండ, వేల్పూర్ ఊళ్లలోనో మీ ఇంటి అటక మీద మూల కత్తిరించిన పాత పాస్‌పోర్టు, లేబర్ కార్డు, బొంబాయి ఏజెంటు రసీదు, రీలు ఊడని క్యాసెట్ ఉంటే పారేయకండి. మనిషి పేరు, ఊరు, పోయిన సంవత్సరం, చేసిన పని ఒక కాగితం మీద రాసి దానికి కట్టిపెట్టండి. ఎనభైల్లో పోయినవాళ్లకు ఇప్పుడు డెబ్బై దగ్గర పడుతున్నాయి. అడగాల్సింది ఈ ఏడాదే అడగండి.